అడవి అంతా అలాగే ఉంటే, మధ్యలో రోడ్డు వేసినంత మాత్రాన ఏం పోతుంది?

మీరు అడిగింది ఇదీ: 100 చదరపు కిలోమీటర్ల అడవి మధ్యలోంచి 10 కిలోమీటర్ల రోడ్డు వేస్తున్నారు, వెడల్పు 30 మీటర్లు అనుకున్నా పోయే అడవి ఒక శాతంలో మూడో వంతు కూడా కాదు, మిగతాదంతా చెక్కుచెదరకుండా ఉంటుంది కదా, మరి జీవవైవిధ్యానికి ముప్పు అని ఇంత గోల ఎందుకు? మీ లెక్క కరెక్టే. కానీ అందులో పైకి కనిపించని ఊహ ఒకటి ఉంది. మిగిలిన అడవి నిన్న ఎలా ఉందో రేపూ అలాగే ఉంటుందని. ఉండదు. నేను ఇరవై ఏళ్లకు పైగా అడవుల్లో పక్షుల్ని, చిన్న జంతువుల్ని లెక్కపెట్టే పనిలోనే ఉన్నాను, చదువుకున్న ఇంజినీర్లు, అధికారులు కూడా సరిగ్గా ఈ ఊహ దగ్గరే పొరపాటు పడటం చాలాసార్లు చూశాను, అందుకే కొంచెం వివరంగా రాస్తున్నాను.

ముందు అంచు సంగతి. దట్టమైన అడవిలోకి బయటి నుంచి నడుచుకుంటూ వెళ్లండి. మొదట కాళ్ల కింద ఆకులు కరకరలాడతాయి, ముళ్లపొదలు దారి ఇవ్వవు, తీగలు మొహానికి తగులుతాయి, ఎండా గాలీ రెండూ తెలుస్తుంటాయి. ఇంకో వంద మీటర్లు లోపలికి వెళ్లేసరికి ఆకుల చప్పుడు తగ్గుతుంది, నేల మెత్తగా తడిగా ఉంటుంది, పొదలు పలచబడి నడక తేలికవుతుంది, గాలి ఆగిపోయినట్టు ఉంటుంది. బయట ఉన్నవాళ్లకి రెండూ ఒకటే అడవి. అక్కడ బతికే కప్పకి, నేల మీద ఆకులు తిరగేసి పురుగులు ఏరుకునే పక్షికి, నీడలో మాత్రమే మొలకెత్తే చెట్టు విత్తనానికి అవి రెండు వేరు వేరు ప్రపంచాలు. చర్మం ఆరిపోతే చచ్చిపోయే జీవికి ఆ వంద మీటర్లు దాటిన తరవాతే ఇల్లు మొదలవుతుంది.

ఇప్పుడు మీ లెక్కనే కొంచెం మార్చి చూద్దాం. అంచు ప్రభావం 100 మీటర్ల లోపలి దాకా వస్తుందనుకోండి. మీ అడవి 10 కిలోమీటర్ల పొడవు, 10 కిలోమీటర్ల వెడల్పు ఉన్న చతురస్రం అయితే, అంచు తీసేయగా అసలైన లోపలి అడవి దాదాపు 96 చదరపు కిలోమీటర్లు మిగులుతుంది. అదే అడవిని విస్తీర్ణం ఏమీ తగ్గకుండా ఒక్కొక్కటి ఒక చదరపు కిలోమీటరు చొప్పున 100 ముక్కలుగా విడగొడితే లోపలి అడవి 64కి పడిపోతుంది. 200 మీటర్ల చతురస్రాలుగా, అంటే 2,500 ముక్కలుగా విడగొడితే సున్నా. మొత్తం కూడితే విస్తీర్ణం అదే 100, మ్యాపులో ఆకుపచ్చ రంగు అంతే ఉంటుంది, లోపలి అడవి మాత్రం ఒక్క గజం కూడా మిగలదు. మీ ఒక్క రోడ్డు విషయానికే వస్తే, దానికి రెండు పక్కలా చెరో 100 మీటర్లు అంచు కింద మారిపోతే 0.3 శాతం అనుకున్నది 2.3 అవుతుంది, అంటే మీరు వేసిన అంచనాకి ఏడు రెట్లకు పైనే, అదీ ఆ రోడ్డుకి ఒక్క పిల్లదారి కూడా పుట్టకపోతే. పుట్టకుండా ఉండటం అరుదు. బ్రెజిల్ అమెజాన్‌లో జరిగిన అడవుల నరికివేతను రోడ్ల మ్యాపుతో కలిపి చూసినప్పుడు దాదాపు 95 శాతం నరికివేత రోడ్లకి 5.5 కిలోమీటర్ల లోపు, లేదా నదులకి ఒక కిలోమీటరు లోపు జరిగిందని తేలింది. రోడ్డు వల్ల పోయే అడవిని రోడ్డు వెడల్పుతో కొలవడం మొదట్లోనే తప్పు.

100 మీటర్లు అన్నది కూడా లెక్క కోసం అనుకున్నదే, ఒక్కో దానికి ఒక్కో లోతు ఉంటుంది. దీన్ని బాగా కొలిచిన చోటు బ్రెజిల్‌లోని మనౌస్ దగ్గర ఉంది. 1979లో థామస్ లవ్‌జాయ్ అనే శాస్త్రవేత్త అక్కడ ఒక ప్రయోగం మొదలుపెట్టాడు. అప్పట్లో ఆ ప్రాంతంలో పశువుల మేత కోసం అడవి ఎలాగూ నరుకుతున్నారు, చట్టం ప్రకారం భూమిలో సగం అడవిగా ఉంచాలి, ఉంచే ఆ అడవిని మేము చెప్పిన కొలతల్లో ఉంచండి అని భూమి యజమానుల్ని ఒప్పించి, 1, 10, 100 హెక్టార్ల ముక్కలు వదిలేలా చేశారు. గొప్ప విషయం ఏమిటంటే నరకక ముందే అక్కడి పక్షుల్ని, చెట్లని లెక్కపెట్టి పెట్టుకున్నారు, కాబట్టి ముందు ఎలా ఉంది, తరవాత ఏమైంది అన్నది ఊహ కాదు, కళ్ల ముందు లెక్క. ఆ పని దశాబ్దాల పాటు సాగింది. అంచుకి 300 మీటర్ల లోపు పెద్ద చెట్లు, లోపలి అడవిలోని పెద్ద చెట్ల కంటే దాదాపు మూడు రెట్లు వేగంగా చనిపోయాయి. వందల ఏళ్లు గాలి తగలకుండా పెరిగిన చెట్టుకి ఒక్కసారిగా ఒక పక్క రక్షణ పోతే విరిగిపోతుంది, వేళ్లతో సహా పడిపోతుంది, లేదంటే నిలబడే ఎండిపోతుంది. పెద్ద చెట్టు పడిన ఖాళీలోకి తీగలు, త్వరగా పెరిగి త్వరగా పోయే మెత్తటి చెట్లు వస్తాయి. ఆ పెద్ద చెట్టు మీద ఆధారపడ్డ తొర్రలో గూడు కట్టే పక్షి, పండు తినే కోతి, కొమ్మ మీద పెరిగే ఆర్కిడ్, వీటిని ఎవరూ నరకలేదు, అయినా పోయాయి.

మనౌస్ నుంచి నేను అందరికీ చెప్పే విషయం మాత్రం ఇది కాదు, ఇంకొకటి. చుట్టూ అడవి నరికిన వెంటనే ఆ ముక్కల్లో వలలకి చిక్కే పక్షుల సంఖ్య తగ్గలేదు, పెరిగింది! వరద వచ్చినప్పుడు మెరక మీదికి జనం చేరినట్టు, చుట్టుపక్కల గూడు పోయిన పక్షులన్నీ మిగిలిన ముక్కలోకి వచ్చి పడ్డాయి. ఆ నెలలో ఎవరైనా సర్వే చేసి ఉంటే ముక్క చేయడం వల్ల పక్షులు పెరిగాయి అని రిపోర్టు రాసేవారు. తరవాత సంఖ్య కూలిపోయింది, ఎందుకంటే ఆ ముక్కలో తిండి, గూడు అంతమందికి లేవు. ముందుగా పోయినవాటిలో ఫౌజు చీమల్ని అనుసరించే పక్షులు ఉన్నాయి. ఫౌజు చీమలంటే లక్షల్లో ఒక దండుగా కదులుతూ దారిలో ఉన్న పురుగుల్ని లేపేవి, అలా లేచి పారిపోయే పురుగుల్ని పట్టుకుని తినే పక్షులు కొన్ని ప్రత్యేకంగా ఉన్నాయి. ఒక్కో దండు తిరగడానికి పదుల హెక్టార్లు కావాలి, అలాంటి దండులు చాలా ఉంటేనే ఏ రోజుకారోజు ఏదో ఒకటి వేటలో ఉంటుంది, పక్షికి తిండి దొరుకుతుంది. 10 హెక్టార్ల ముక్కలో ఆ చీమలకే చోటు లేదు, ఇక పక్షి ఎక్కడ?

రోడ్డు వేశాక ఒక ఏడాదికి సర్వే చేశాం, అన్ని జాతులూ ఉన్నాయి అని చెప్పే రిపోర్టు చూస్తే నాకు టెన్షన్ తగ్గదు, పెరుగుతుంది. ఉన్నాయి నిజమే, కానీ వాటిలో కొన్ని ఇప్పటికే లెక్కలో లేనట్టే. ముసలి చెట్టు ఉంటుంది, దాని కింద ఒక్క మొక్క కూడా ఉండదు. ఆ చెట్టు ఇంకో నూరేళ్లు నిలబడవచ్చు, అప్పటిదాకా జాబితాలో దాని పేరు ఉంటుంది. దీన్ని ఈ రంగంలో అంతరింపు రుణం అంటారు, అప్పు ఈరోజు చేశాం, వసూలు తరవాత జరుగుతుంది. పనామా కాలువ కోసం నదికి ఆనకట్ట కట్టి నీళ్లు నింపినప్పుడు, 1914 నాటికి ఒక కొండ దీవిగా మారింది, పేరు బారో కొలరాడో, సుమారు 15 చదరపు కిలోమీటర్లు. చిన్న ముక్క కాదది, పైగా వేట నుంచి, నరికివేత నుంచి గట్టి రక్షణ ఉన్న చోటు, ప్రపంచంలో ఎక్కువ పరిశోధన జరిగిన ఉష్ణమండల అడవుల్లో ఒకటి. అయినా దశాబ్దాలు గడిచేకొద్దీ అక్కడి పక్షి జాతులు ఒక్కొక్కటే కనబడకుండా పోయాయి, ముఖ్యంగా నేల దగ్గర తిరిగేవి, నీళ్ల మీదుగా ఎగిరి రాలేనివి. థాయిలాండ్‌లో ఇంకా వేగంగా జరిగింది. అక్కడ 1980లలో చియౌ లాన్ జలాశయం నిండి వందకు పైగా కొండ శిఖరాలు దీవులయ్యాయి. వాటిలో 10 హెక్టార్ల లోపు దీవుల్లో అడవి ఎలుకలు, చెట్టు మూషికాలు లాంటి స్థానిక చిన్న క్షీరదాలు దాదాపు అన్నీ 5 ఏళ్లలోనే పోయాయి, 10 నుంచి 56 హెక్టార్ల దీవుల్లో పోవడానికి సుమారు 25 ఏళ్లు పట్టింది. ఖాళీ అయిన చోటులోకి బయటి నుంచి ఒక పొలం ఎలుక వచ్చి నిండిపోయింది. దీవి పచ్చగానే ఉంది, పడవలో వెళ్తూ చూస్తే అడవే.

ఇక్కడ చాలామందికి వచ్చే సందేహం, నన్ను కూడా ఎన్నోసార్లు అడిగారు: దీవి అంటే నీళ్లు అడ్డం, రోడ్డుకి అవతల ఉన్నది నేలే కదా, జంతువు దాటి వెళ్లదా, పక్షి ఎగరదా? కొన్ని వెళ్తాయి. నక్క వెళ్తుంది, కాకి వెళ్తుంది. కానీ లోపలి అడవిలో పుట్టి పెరిగిన పక్షులు చాలావాటికి వెలుతురు పడే ఖాళీ స్థలం అంటేనే గోడ. మనౌస్‌లో కేవలం 80 మీటర్ల ఖాళీని దాటని పక్షులు ఉన్నాయి. రెక్కలు లేక కాదు, దాటే స్వభావం లేక. చెట్ల మీదే బతుకు గడిపే జంతువుకి కొమ్మకి కొమ్మ అందకపోతే దారి తెగినట్టే. కప్పలు, తాబేళ్లు, పాములు దాటడానికి ప్రయత్నిస్తాయి, నెమ్మదిగా దాటుతాయి, చక్రాల కింద పడతాయి. అంటే ఒకే రోడ్డు కొన్నిటికి గోడ, కొన్నిటికి చావు, ఇంకొన్నిటికి, ముఖ్యంగా ఎక్కడైనా బతకగలిగే మొండి జాతులకి, బాట. ఆ చివరివి ఎక్కువై జాబితాలో మొత్తం జాతుల సంఖ్య తగ్గనట్టే కనిపించడం కూడా జరుగుతుంది, ఎందుకంటే పోయిన అరుదైన జాతి ఒకటి, వచ్చిన మామూలు జాతి ఒకటి, కూడితే సరిపోయింది! అందుకే ఎన్ని జాతులు అని కాకుండా ఏ జాతులు అని అడగాలి.

దారి తెగిన గుంపుకి తరవాత ఏమవుతుందో చెప్పడానికి ఒక పక్షి కథ ఉంది, విద్యార్థులకి ఎప్పుడూ చెబుతాను, ప్రతిసారీ మనసు బరువెక్కుతుంది. అమెరికా తూర్పు తీరంలో ఒకప్పుడు విరివిగా ఉండిన హీత్ హెన్ అనే కోడిలాంటి పక్షి, వేట వల్ల, ఆవాసం పోవడం వల్ల పందొమ్మిదో శతాబ్దం చివరికి ఒక్క మార్తాస్ వైన్‌యార్డ్ దీవిలోనే మిగిలింది. 1908లో వంద కూడా లేనప్పుడు దానికోసం రక్షిత ప్రాంతం పెట్టారు, కాపాడారు, కొద్ది ఏళ్లలో సంఖ్య దాదాపు 2,000కి చేరింది. అందరూ ఊపిరి పీల్చుకున్నారు. 1916లో గూళ్లు పెట్టే కాలంలో మంటలు వచ్చాయి. వెంటనే కఠినమైన చలికాలం, వేటాడే డేగలు. తరవాత పెంపుడు కోళ్ల నుంచి రోగం. మిగిలినవాటిలో మగవే ఎక్కువ, ఒకే రక్తంలో జతలు. 1932లో చివరి పక్షిని చూశారు, అంతే. మంటలు గానీ, రోగం గానీ, చలికాలం గానీ ఏ ఒక్కటీ దాన్ని అంతం చేసేది కాదు. ఇంకో పది చోట్ల ఆ పక్షి ఉండి, ఒక చోట పోతే ఇంకో చోటి నుంచి వచ్చి నింపే దారి ఉండి ఉంటే బతికేది. ముక్క చేయడం అంటే ఆ దారిని తీసేయడం, ఆ పైన ఏ మామూలు కష్టమైనా ప్రాణాంతకమే.

జన్యువుల విషయం కూడా ఇదే కోవలోది. అమెరికాలో ఫ్లోరిడాలోని ప్యూమాలు, అంటే పెద్ద పిల్లి జాతి వేటజంతువులు, అక్కడ పాంథర్ అంటారు, మిగతా ప్యూమాల నుంచి పూర్తిగా తెగిపోయి 1990ల మొదట్లో 20 నుంచి 30కి పడిపోయాయి. తోకలు వంకర తిరిగాయి, గుండెలో లోపాలు, మగవాటికి వృషణాలు సరిగా దిగకపోవడం. ఇవన్నీ దగ్గరి బంధుత్వంలోనే పిల్లలు పుట్టడం వల్ల వచ్చినవి. 1995లో టెక్సస్ నుంచి 8 ఆడ ప్యూమాల్ని తెచ్చి వదిలారు. పిల్లల్లో లోపాలు తగ్గాయి, సంఖ్య పెరిగింది, ఇప్పుడు వంద దాటి ఉన్నాయి. ఒకప్పుడు ప్యూమాలు వాటంతట అవే నడిచి వెళ్లి చేసుకున్న పనిని మనం వాహనంలో ఎక్కించి చేయాల్సి వచ్చింది. ఒక ప్యూమాకి చేయగలిగాం. వేల జాతుల కీటకాలకి, మొక్కలకి ఎవరు చేస్తారు?

ఇప్పటిదాకా చెప్పింది ఒక్కో జాతి గురించి. అసలు దెబ్బ జాతుల మధ్య సంబంధాల మీద పడుతుంది. ఎక్కువ చోటు కావాల్సింది పెద్ద వేటజంతువుకి, కాబట్టి ముక్కలోంచి ముందు పోయేది అదే. అది పోతే మిగతావి హాయిగా ఉంటాయి కదా అనిపిస్తుంది. వెనెజువెలాలో కరోనీ నది మీద గురి జలాశయం 1986 నాటికి పూర్తిగా నిండింది, కొండలు దీవులయ్యాయి, చిన్న దీవుల్లో జాగ్వార్, ప్యూమా, పెద్ద గద్ద ఏవీ లేవు. జాన్ టెర్‌బర్గ్ అనే శాస్త్రవేత్త బృందం వెళ్లి చూస్తే ఆకులు తినే హౌలర్ కోతులు, ఇగ్వానాలు అనే పెద్ద బల్లులు, ఆకులు కోసుకుపోయే చీమలు మామూలు అడవిలో ఉండేదానికంటే 10 నుంచి 100 రెట్లు ఎక్కువ సాంద్రతలో ఉన్నాయి. మొలకలు పైకి రాలేదు, వచ్చినవాటిని ఇవి తినేశాయి. పెద్ద చెట్లు ఉన్నాయి, పిల్ల చెట్లు లేవు. అంటే పులి లాంటి జంతువు పోతే పోయేది పులి ఒక్కటే కాదు, ఇంకో యాభై ఏళ్ల తరవాత ఉండాల్సిన అడవి.

కాలిఫోర్నియాలోని శాన్ డియాగోలో ఇదే కథ వేరే రూపంలో జరిగింది. ఊరు పెరిగి పొదల అడవి చిన్న లోయల్లో ముక్కలుగా మిగిలింది. కొయోట్ అనే తోడేలు జాతి జంతువు తిరిగే లోయల్లో పొదల్లో గూడు పెట్టే పక్షులు నిలిచాయి, కొయోట్ పోయిన లోయల్లో పెంపుడు పిల్లులు, నక్కలు విచ్చలవిడిగా తిరిగి ఆ పక్షుల్ని ఖాళీ చేశాయి. పక్షిని కాపాడాలంటే పక్షిని తినగలిగే జంతువునే ఉంచాలి అన్నది మొదటిసారి వింటే వింతగా ఉంటుంది, కానీ క్షేత్రంలో చూసిన తరవాత ఇంకోలా ఆలోచించడం కష్టం. మనుషుల ఆరోగ్యానికీ ఇందులో భాగం ఉంది: న్యూయార్క్ రాష్ట్రంలో 2 హెక్టార్ల లోపు అడవి ముక్కల్లో తెల్లకాళ్ల ఎలుకలు పెరిగిపోయి, లైమ్ జబ్బు మోసే పిడుదుల సాంద్రత పెద్ద ముక్కల్లో కంటే ఎక్కువగా కనిపించింది.

ఇప్పుడు నిజాయితీగా చెప్పాల్సిన మాట ఒకటి. ఈ రంగంలో అందరం ఒకే మాట మీద లేము. కెనడా శాస్త్రవేత్త లెనోర్ ఫారిగ్ చాలా ఏళ్లుగా వాదిస్తున్నది ఏమిటంటే, ఆవాసం మొత్తంగా తగ్గడం ఒకటి, ఉన్న ఆవాసం ముక్కలుగా ఉండటం ఇంకొకటి, ఈ రెండిటినీ కలిపి కొలిచి ముక్కలవడం చెడ్డదని తీర్పు ఇస్తున్నారు, విడదీసి చూస్తే నష్టంలో ఎక్కువ భాగం తగ్గుదల వల్లే, ముక్కలవడం వల్ల వచ్చే ప్రభావం తక్కువ, కొన్నిచోట్ల మంచి కూడా కావచ్చు. 2017లో దీని మీద పెద్ద సమీక్ష రాసింది, మరుసటి ఏడాదే ఇంకో బృందం గట్టిగా జవాబు రాసింది. దీనికి ముందు 1970లలో ఒక పెద్ద రక్షిత ప్రాంతం మంచిదా, అదే విస్తీర్ణంలో చిన్నవి ఎక్కువ ఉంటే మంచిదా అని ఏళ్ల తరబడి పోట్లాడుకున్నారు. నా అభిప్రాయం అడిగితే, ఫారిగ్ చెప్పినదాంట్లో ఒక మాట నేను పూర్తిగా ఒప్పుకుంటాను: విస్తీర్ణమే అన్నిటికంటే ముందు, చిన్న ముక్కల్ని పనికిరానివని చూడకూడదు. ఎందుకంటే ఇది ఎలాగూ ముక్కైపోయిన అడవి, దీన్ని ఉంచి ఏం లాభం అని చెప్పి నరికేసినవి నేను చూశాను, ముక్కల వల్ల నష్టం అన్న మా పరిశోధనల్నే అందుకు సాక్ష్యంగా చూపించడం కూడా చూశాను, దాన్ని ఇప్పటికీ జీర్ణించుకోలేకపోతున్నాను. చిన్న ముక్కలు చాలా చోట్ల ఉంటే రకరకాల నేలలు, రకరకాల మొక్కలు కలిసి వస్తాయి, ఒక చోట రోగం వస్తే ఇంకో చోట బతుకుతాయి. ఫిన్లాండ్‌లోని ఆలండ్ దీవుల్లో గ్లాన్‌విల్ ఫ్రిటిలరీ అనే సీతాకోకచిలుక బతకడానికి వీలైన చిన్న పచ్చిక బయళ్లు సుమారు 4,000 ఉన్నాయి, వాటిలో కొన్నిట్లో బతుకుతుంది. ఇల్కా హాన్స్కి అనే శాస్త్రవేత్త దాన్ని ఏళ్లపాటు గమనించాడు. ఏటా కొన్ని బయళ్లలో అది అంతరిస్తుంది, కొన్నిట్లోకి కొత్తగా వస్తుంది, మొత్తం మీద నిలుస్తుంది. ముక్కల్లోనూ జీవితం ఉంది, రాకపోకలు ఉన్నంతకాలం.

ఒప్పుకోని భాగం కాలం గురించి. ప్రకృతిలో ఒక్కసారి తీసిన ఫోటో లాంటి సర్వేలతో ఆ వాదన ఎక్కువగా నడుస్తుంది, అప్పు సంగతి ఫోటోలో కనబడదు. ముక్కలు కావాలని చేసి దశాబ్దాలు గమనించిన ప్రయోగాలన్నిటినీ కలిపి నిక్ హద్దాద్ అనే శాస్త్రవేత్త, ఆయన సహచరులు 2015లో చూపించింది ఇదే: ఐదు ఖండాలు, 35 ఏళ్ల కాలం, జీవవైవిధ్యంలో నష్టం 13 నుంచి 75 శాతం దాకా, అదీ చిన్న ముక్కల్లో, ఒంటరి ముక్కల్లో ఎక్కువ, ఏళ్లు గడిచేకొద్దీ ఇంకా ఎక్కువ. ప్రపంచంలో మిగిలిన అడవిలో 70 శాతం ఏదో ఒక అంచుకి కిలోమీటరు లోపే ఉందని కూడా అదే పరిశోధన చెప్పింది. రోడ్ల వైపు నుంచి లెక్కేసిన ఇంకో బృందం 2016లో చెప్పింది ఏమిటంటే, రోడ్లు భూమిని సుమారు 6 లక్షల ముక్కలుగా కోశాయి, వాటిలో సగానికి పైగా ఒక చదరపు కిలోమీటరు కూడా లేవు, 100 చదరపు కిలోమీటర్లు దాటినవి 7 శాతమే. అంటే మీరు చెప్పిన ఆ 100 చదరపు కిలోమీటర్ల అడవి, రోడ్డు పడకముందు, ఇప్పటికే అరుదైన కోవలో ఉంది.

అడవుల గురించే మాట్లాడాను కానీ నదులూ అంతే. చేపకి ఆనకట్ట అడ్డుగోడ. 1,000 కిలోమీటర్లు మించిన నదుల్లో మొదటి నుంచి చివరి దాకా అడ్డు లేకుండా పారేవి 37 శాతమే అని 2019లో లెక్క తేలింది.

ఏం చేస్తే పనికొస్తుంది అన్నదానికి వస్తాను, ఎందుకంటే మీ చోట రోడ్డు ఎలాగూ వస్తుందని మీరే రాశారు. మొదటిది, రెండు ముక్కల మధ్య ఉన్న భూమి ఎలాంటిది అన్నది చాలా పెద్ద విషయం, జనం దీన్ని తక్కువగా చూస్తారు. మనౌస్‌లో కొన్ని పశువుల బీళ్లు వదిలేస్తే చుట్టూ మళ్లీ కుర్ర అడవి పెరిగింది, పెరిగేసరికి వెళ్లిపోయిన పక్షుల్లో చాలావరకు ముక్కల్లోకి తిరిగొచ్చాయి. చుట్టూ బోడి నేల ఉన్న ముక్క వేరు, చుట్టూ చెట్లూ చేమా ఉన్న ముక్క వేరు. రెండోది, సన్నటి దారి అయినా సరే కలిపితే లాభం ఉంటుంది. అమెరికాలో సౌత్ కరోలైనాలోని సవానా నది ప్రాంతంలో పైన్ అడవి మధ్య ఒకే విస్తీర్ణం ఉన్న బయళ్లు చేసి, కొన్నిటిని సన్నటి పట్టీతో కలిపి, కొన్నిటిని విడిగా ఉంచారు. 5 ఏళ్ల తరవాత కలిపిన వాటిలో మొక్కల జాతులు సుమారు 20 శాతం ఎక్కువ ఉన్నాయి, 18 ఏళ్ల తరవాత కూడా ఆ లాభం నిలిచింది. బయటి కలుపు జాతులు కూడా ఆ దారిలో చొరబడతాయని భయపడ్డారు, అలా జరగలేదు.

మూడోది దాటే కట్టడాలు. కెనడాలోని బాన్ఫ్ జాతీయ ఉద్యానంలో హైవే మీద 6 పైవంతెనలు, 38 కింది దారులు కట్టారు, రెండు పక్కలా కంచె వేశారు, జంతువుల్ని గుద్దే ప్రమాదాలు 80 శాతానికి పైగా తగ్గాయి. కంచె లేకుండా వంతెన ఒక్కటే కడితే ఇంత ఫలితం రాదు, కంచె ఒక్కటే వేసి వంతెన మానేస్తే గోడ ఇంకా గట్టిపడుతుంది, రెండూ కలిపే అడగాలి. గ్రిజ్లీ ఎలుగుబంట్లు వాటికి అలవాటు పడటానికి 5 ఏళ్ల దాకా పట్టింది, కాబట్టి మొదటి రెండేళ్ల కెమెరా ఫోటోలు చూసి జంతువులు వాడటం లేదు, డబ్బు వృథా అని ఎవరైనా అంటే ఒప్పుకోకండి. మన దేశంలో పెంచ్ పులుల అడవి దగ్గర 44వ జాతీయ రహదారి మీద మహారాష్ట్ర వైపు 9 కట్టడాలు ఉన్నాయి, పొడవైనది 750 మీటర్లు, వాటి కింద నుంచి పులులు నడిచి వెళ్తున్న ఫోటోలు ఉన్నాయి. అది ఎవరో దయతలచి కట్టినది కాదు, కోర్టులో కేసు నడిచింది.

అయితే వంతెన పెద్ద జంతువుకి పనిచేసినంతగా చీమకీ, నీడ మొక్కకీ పనిచేయదు. కాబట్టి నన్ను అడిగితే వరస ఇలా ఉండాలి: ముందు రోడ్డు అడవి మధ్యలోంచి కాకుండా చుట్టూ తిరిగి వెళ్తుందా అని చూడాలి, పది కిలోమీటర్లు ఎక్కువైనా సరే. కుదరకపోతే అంచు వెంబడి. అదీ కుదరకపోతే నేల మీద కాకుండా స్తంభాల మీద, వీలైనంత ఇరుగ్గా, పైన కొమ్మలు కలుసుకునేలా. రాత్రిళ్లు వాహనాలు ఆపడం కూడా చాలా పనిచేస్తుంది, ఖర్చు దాదాపు లేదు, ఎందుకో ఎవరూ గట్టిగా అడగరు. పక్కదారులు, దుకాణాలు, ఇళ్లు రోడ్డు వెంట పుట్టకుండా ముందే రాతపూర్వకంగా నిషేధం ఉండాలి, లేకపోతే పైన చెప్పినవన్నీ పదేళ్లలో గాలికి పోతాయి.

మీ దగ్గర ప్రభావ అంచనా రిపోర్టు ఉందన్నారు కదా, దాన్ని తెరిచి నాలుగు విషయాలు చూడండి. సర్వే ఎన్ని రుతువుల్లో చేశారు, ఒక్క నెలలోనా? నష్టాన్ని రోడ్డు వెడల్పుతో లెక్కేశారా, అంచుతో లెక్కేశారా? జాతుల జాబితా ఉందా లేక వాటి సంఖ్యలు, పిల్లలు, మొలకలు కూడా ఉన్నాయా? రోడ్డు తెరిచాక ఎన్నేళ్లు గమనిస్తామని రాశారు? చివరిదానికి రెండేళ్లు, మూడేళ్లు అని ఉంటే కనీసం పదిహేను అని అభ్యంతరం పెట్టండి. రోడ్డు పడకముందు లెక్కలు సరిగా తీయకపోతే తరవాత ఏం పోయిందో ఎవరూ నిరూపించలేరు, కాబట్టి పని మొదలవక ముందే పక్షులు, కప్పలు, మొలకల లెక్కలు తీయించమని అడగండి. రిపోర్టులో జాతుల పట్టిక ఉన్న పేజీలు, సర్వే తేదీలు ఇక్కడ పెడితే నేను చూసి ఏమేం అడగాలో రాస్తాను.